కాగితం దాటని మహానగరాలు

ప్రపంచంలో ఎత్తయిన భవనం ఏది, పొడవైన వంతెన ఏది అంటే హైస్కూలు పిల్లలు కూడా టకటకా చెప్పేస్తారు. కట్టకుండా ఆగిపోయినవాటిలో ఎత్తయినది ఏది, బరువైనది ఏది అని అడిగితే మాత్రం పెద్దవాళ్ళు కూడా నీళ్ళు నములుతారు. రికార్డుల పుస్తకాలు పూర్తయినవాటికే చోటిస్తాయి మరి. ఉన్న ఊరిని పడగొట్టి కొత్త ఊరు నిలబెడతామని గీసిన మాస్టర్ ప్లాన్‌లలో అటకెక్కినవి బోలెడు. వాటి రికార్డులు కట్టినవాటికంటే వింతగా ఉంటాయి. తమాషా ఏమిటంటే, ఆగిపోయిన ప్లాన్ ఆనవాలు లేకుండా పోవడం చాలా అరుదు. ఎక్కడో ఒక దిమ్మె, ఒక రైల్వే స్టేషన్, ఒక కోర్టు కేసు మిగిలిపోతుంది. అలా మిగిలినవాటిలో కొన్ని ఇవి.

అతి బరువైన పరీక్ష

బెర్లిన్‌లోని టెంపెల్‌హోఫ్ ప్రాంతంలో, అపార్ట్‌మెంట్లకు, రైలు పట్టాలకు దగ్గరలో, ఓ గుండ్రటి కాంక్రీటు దిమ్మె ఉంది. బరువు 12,650 టన్నులు. పైభాగం వ్యాసం 21 మీటర్లు. నేల మీద కనబడేది 14 మీటర్లు, నేలలోకి దిగినది ఇంకో 18 మీటర్లు. అది నీళ్ళ ట్యాంకూ కాదు, యుద్ధకాలపు బంకరూ కాదు. దాన్ని కట్టింది ఒక్క పనికోసం: నేల మీద కూర్చుని, ఎంత దిగబడుతుందో చూపించడానికి.

హిట్లర్ బెర్లిన్‌ను ప్రపంచ రాజధాని చేయాలనుకున్నాడు. 1937లో ఆ పని ఆల్బర్ట్ స్పేర్ అనే యువ వాస్తుశిల్పికి అప్పగించాడు. ఊరి నడిబొడ్డున ఉత్తర దక్షిణాలుగా 120 మీటర్ల వెడల్పున ఒక రాజవీధి. ఒక కొసన 117 మీటర్ల ఎత్తు విజయతోరణం. పారిస్‌లోని ప్రసిద్ధ తోరణం ఎత్తు 50 మీటర్లేనని గుర్తుంచుకోండి. రెండో కొసన 290 మీటర్ల ఎత్తున, 1,80,000 మంది నిలబడి ఉపన్యాసం వినగల గుమ్మటపు సభాభవనం. ఇంతమంది ఊపిరి, చెమట ఆవిరై పైకి లేచి, గుమ్మటం కింద మబ్బు కట్టి, సభికుల నెత్తిన చినుకులై పడొచ్చని ఆనాడే అనుకున్నారట. కట్టి ఉంటే లోపల సొంత వాన కురిసే భవనం అయ్యేదేమో.

బెర్లిన్ నేల ఇసుక, బురద కలిసిన నేల. అంత బరువైన తోరణాన్ని అది మోస్తుందా అన్న అనుమానం ఇంజినీర్లకు ముందే వచ్చింది. అందుకే 1941లో, ఫ్రెంచి యుద్ధఖైదీల చేత కూడా పని చేయించి, ఈ దిమ్మెను పోశారు. ఆరు సెంటీమీటర్ల దాకా దిగబడితే ఫరవాలేదని లెక్క వేసుకున్నారు. మూడేళ్ళు తిరిగేసరికి దాదాపు 19 సెంటీమీటర్లు దిగిపోయింది. అప్పటికి తోరణం గురించి ఆలోచించే తీరిక ఎవరికీ లేదు. ఆకాశం నుంచి బాంబులు పడుతున్నాయి. యుద్ధం అయ్యాక పేల్చేద్దామంటే చుట్టూ ఇళ్ళు, పక్కనే రైలు మార్గం. కొన్నాళ్ళు నేల స్వభావం మీద కొలతలు తీసుకోవడానికి వాడుకున్నారు. 1995లో రక్షిత కట్టడంగా ప్రకటించారు. ఇప్పుడు టూరిస్టులు వెళ్ళి చూస్తున్నారు.

ఇంతవరకూ చదివితే ఇదో తమాషా కథలాగే ఉంటుంది. కానీ ఈ ప్లాన్ కోసం ఇళ్ళు కూల్చినప్పుడు రోడ్డున పడ్డ జర్మన్ కుటుంబాలకు ప్రత్యామ్నాయం చూపించడానికి స్పేర్ కార్యాలయం యూదుల ఫ్లాట్ల జాబితా తయారు చేసింది. వాళ్ళను బయటికి గెంటి ఆ ఇళ్ళు పంచింది. 1941 అక్టోబరు నుంచి బెర్లిన్ యూదులను రైళ్ళలో తూర్పుకు తరలించారు. రాయి కోసం ఫ్లాసెన్‌బ్యుర్గ్, మౌట్‌హౌసెన్ క్వారీల్లో నిర్బంధ శిబిరాల ఖైదీలు చచ్చేదాకా పనిచేశారు. తోరణం లేవలేదు గానీ, దాని పేరున పోయిన ప్రాణాలు పోయాయి. కట్టని కట్టడాల్లో కూలీల రక్తం ఇంతగా తాగింది నాకు తెలిసి మరొకటి లేదు.

ఆలు లేదు, చూలు లేదు...

...కొడుకు పేరు సోమలింగం అన్న సామెతకు ప్రపంచంలోకెల్లా పెద్ద ఉదాహరణ మాస్కో మెట్రోలో దొరుకుతుంది. 1935 మే నెలలో మాస్కోలో మొదటి మెట్రో లైను మొదలైంది. అందులో ఒక స్టేషన్ పేరు ‘సోవియట్ల ప్రాసాదం’. రైలు వచ్చి ఆగేది. తలుపులు తెరుచుకునేవి. మైదానం లాంటి విశాలమైన ప్లాట్‌ఫారం, పాలరాతి స్తంభాలు. మెట్లెక్కి పైకి వస్తే ప్రాసాదం మాత్రం ఉండేది కాదు.

అక్కడ అంతకుముందు ఉన్నది క్రీస్తు రక్షకుని కెథీడ్రల్. నెపోలియన్ మీద గెలుపుకు గుర్తుగా తలపెట్టి, 1839లో పని మొదలుపెట్టి, 1883లో ప్రతిష్ఠ చేశారు. నలభై ఏళ్ళు పైగా కట్టినదాన్ని 1931 డిసెంబరు 5న ఒక్క రోజులో పేల్చేశారు. ఆ స్థలంలో బోరిస్ యోఫాన్ గీసిన ప్రాసాదం రావాలి. ఎత్తు 415 మీటర్లు. అప్పటికి ప్రపంచంలో ఎత్తయిన భవనం న్యూయార్క్ ఎంపైర్ స్టేట్. దానికి 381 మీటర్లే. పైన నిలబడే లెనిన్ విగ్రహం సుమారు వంద మీటర్లు. మాస్కో ఆకాశం సంవత్సరంలో ఎన్ని రోజులు నిర్మలంగా ఉంటుందో ఆ ప్లాన్‌ను ఒప్పుకున్నవాళ్ళలో ఎవరైనా అడిగారో లేదో గానీ, మబ్బు పట్టిన రోజుల్లో లెనిన్ తల కింద నిలబడ్డ శ్రామికులకు కనబడే వీలే లేదు.

1937లో పని మొదలైంది. పునాది పడింది, ఉక్కు చట్రం లేచింది. 1941లో జర్మన్ సేనలు మాస్కో వైపు వచ్చేసరికి ఆ ఉక్కును విప్పి, ట్యాంకులను అడ్డుకునే ఉక్కు అడ్డంకులుగానూ తరవాత వంతెనలకూ వాడారు. చరిత్రలో ఆ ప్రాసాదం దేశానికి చేసిన మేలు అదొక్కటే. యుద్ధం ముగిసినా పని మళ్ళీ మొదలవలేదు. గుండ్రటి పునాది గొయ్యి అలాగే ఉండిపోయింది. చివరికి దాన్ని ఈతకొలను చేశారు. 1960లో తెరిచిన ‘మాస్క్వా’ కొలను వ్యాసం దాదాపు 130 మీటర్లు; ఆరుబయట ఉన్న వేడినీటి కొలనుల్లో ప్రపంచంలోనే అతి పెద్దవాటిలో ఒకటి. మంచు కురుస్తుంటే జనం టోపీలు పెట్టుకుని వెచ్చటి నీళ్ళలో ఈదేవాళ్ళు. పక్కనే పుష్కిన్ మ్యూజియం వాళ్ళకు ఆ ఆవిరి తమ బొమ్మలకు పట్టి పాడుచేస్తుందన్న బెంగ. 1990లలో కొలను మూసేసి, అదే చోట అదే కెథీడ్రల్‌ను మళ్ళీ కట్టారు. 2000లో ప్రతిష్ఠ జరిగింది. గుడి, గొయ్యి, కొలను, మళ్ళీ గుడి. ఒకే స్థలంలో డెబ్బై ఏళ్ళలో ఇన్ని అవతారాలు మరెక్కడా వినలేదు.

స్టేషన్ పేరు 1957లో మార్చారు. ఇప్పుడది క్రొపోత్కిన్స్కయా. ఆ క్రొపోత్కిన్ ఎవరంటే, అసలు ప్రభుత్వమే ఉండకూడదని జీవితమంతా వాదించిన అరాచకవాది.

నిప్పు ఖాళీ చేసి ఇచ్చినా

ఊరు మొత్తం మార్చాలంటే అడ్డు ఇళ్ళే కదా. ఆ ఇళ్ళు తమంతట తామే లేకుండా పోతే? రెండు సార్లు అలాగే జరిగింది. రెండు సార్లూ ప్లానే ఓడిపోయింది.

1666 సెప్టెంబరు 2న లండన్‌లో పుడింగ్ లేన్ అనే సందులో ఓ రొట్టెల కొట్లో నిప్పు రాజుకుంది. నాలుగు రోజుల్లో 13,200 ఇళ్ళు, 87 చర్చిలు బూడిదయ్యాయి. బొగ్గుల వేడి చల్లారకముందే, సెప్టెంబరు 11 నాటికే, వాస్తుశిల్పి క్రిస్టఫర్ రెన్ కొత్త లండన్ ప్లానుతో రెండో చార్లెస్ రాజు ముందు నిలబడ్డాడు. తిన్నటి విశాలమైన వీధులు, వృత్తాకారపు కూడళ్ళు, నది ఒడ్డున బారుగా రేవు. అగ్నిప్రమాదం అయ్యాక అతి త్వరగా గీసిన నగర ప్లాన్ ఇదేననుకోవచ్చు. రెండు రోజుల తరవాత రచయిత జాన్ ఈవ్లిన్ తన ప్లాన్ తెచ్చాడు. తరవాత శాస్త్రవేత్త రాబర్ట్ హుక్. వాలెంటైన్ నైట్ అనే సైనికాధికారి ఇంకో ప్లాన్ తెచ్చాడు. అందులో ఒక కాలువ తవ్వి, దాని మీద వచ్చే రుసుముతో రాజుగారు ఖజానా నింపుకోవచ్చని సలహా ఇచ్చాడు. ప్రజల కష్టంతో నేను లాభం చేసుకుంటానా అని రాజు అతన్ని జైల్లో వేయించాడు. నగర ప్రణాళిక గీసినందుకు జైలుకెళ్ళిన మొదటివాడు ఇతనేనేమో.

ఇంతమంది గీసినా లండన్ పాత సందుల మీదే లేచింది. ఇళ్ళు కాలాయి గానీ హద్దులు కాలలేదు. ఎవరి జాగా ఎక్కడిదాకా అన్నది ప్రతివాడికీ గుర్తుంది. చలికాలం ముంచుకొస్తోంది. వ్యాపారికి దుకాణం కావాలి, అద్దెదారుకు గూడు కావాలి. నష్టపరిహారం ఇచ్చి జాగాలన్నీ కలిపి మళ్ళీ పంచే డబ్బు రాజు దగ్గరా లేదు, నగరం దగ్గరా లేదు. ఇంటి యజమానికీ అద్దెదారుకూ మధ్య తగాదాలు తీర్చడానికి ప్రత్యేకంగా అగ్ని న్యాయస్థానం పెట్టి, చకచకా తీర్పులిచ్చారు. కొన్ని వీధులు వెడల్పు చేసి, ఇటుకతోనే కట్టాలని చట్టం చేసి సరిపెట్టుకున్నారు. రెన్‌కు దక్కింది సెయింట్ పాల్స్ కెథీడ్రల్, మరో యాభై చర్చిలు. అదేమీ తక్కువ కాదు.

240 ఏళ్ళ తరవాత శాన్‌ఫ్రాన్సిస్కోది అదే కథ, వరస మాత్రం తిరగబడింది. అక్కడ ప్లాన్ ముందు, అగ్ని తరవాత. షికాగో వాస్తుశిల్పి డేనియల్ బర్న్‌హామ్, ట్విన్ పీక్స్ కొండ మీద ఓ బంగళాలో మకాం వేసి, ఊరంతా కింద కనబడుతుండగా గీసిన ప్లాన్‌ను 1905 సెప్టెంబరులో నగరానికి అందజేశాడు. కొండల చుట్టూ తిరిగే రోడ్లు, పెద్ద పెద్ద పార్కులు, కిరణాల్లా విచ్చుకునే రాజవీధులు. 1906 ఏప్రిల్ 18 తెల్లవారుజామున 5:12కు భూకంపం. వెంటనే మంటలు. 28,000 భవనాలు పోయాయి, నాలుగు లక్షల జనాభాలో సగానికి పైగా నిలువ నీడ లేకుండా పోయారు. సిటీ హాల్లో అప్పుడే అచ్చయి వచ్చిన బర్న్‌హామ్ నివేదిక ప్రతులు చాలావరకు అక్కడే నాశనమయ్యాయి. చేతిలో ప్లాన్ ఉంది, ఎదురుగా ఖాళీ నేల ఉంది, ప్లాన్ గీసినవాడు బతికే ఉన్నాడు. ఇంత కలిసొచ్చిన సందర్భం ఏ ప్లానర్‌కూ రాలేదు. అయినా మూడు నాలుగేళ్ళలో ఊరు పాత గళ్ళ మీదే లేచి కూర్చుంది. కారణం మళ్ళీ అదే: జాగా దస్తావేజు, ఆగలేని వ్యాపారం.

కారు కంపెనీ పేరు పెట్టుకున్న నగరం

మోటారు కార్ల కంపెనీ డబ్బుతో, ఆ కంపెనీ పేరుతోనే పారిస్‌ను పడగొట్టే ప్లాన్ తయారైందంటే నమ్ముతారా? 1925లో వాస్తుశిల్పి లె కార్బూసియే ప్రదర్శించిన ‘ప్లాన్ వ్వాజాన్’ అలాంటిది. వ్వాజాన్ ఆ రోజుల్లో కార్లు, విమానాలు తయారుచేసిన సంస్థ. అంతకుముందు ప్యూజో, సిత్రోయెన్ కంపెనీల గడప తొక్కాడు, పని కాలేదు. సేన్ నదికి ఉత్తరాన పారిస్ పాతబస్తీ లాంటి ప్రాంతాన్ని చాలావరకు తుడిచేసి, శిలువ ఆకారంలో 60 అంతస్తుల బురుజులు 18 నిలబెట్టాలన్నది ఆలోచన. మధ్యలో తోటలు, మోటారు రోడ్లు. కొన్ని పాత చర్చిలను మాత్రం చెట్ల మధ్య బొమ్మల్లా ఉంచుతానన్నాడు. విచిత్రం ఏమిటంటే, ఈ ప్లాన్‌ను చూపించిన ప్రదర్శన మంటపంలో ఒక చెట్టు అడ్డొస్తే దాన్ని నరకకుండా కప్పుకు కన్నం పెట్టి పైకి పోనిచ్చాడు. చెట్టుకు ఇచ్చిన మర్యాద ఊరికి ఇవ్వలేకపోయాడు.

పారిస్ ఒప్పుకోలేదు. పాతికేళ్ళ తరవాత ఆయనకు నిజంగా ఒక నగరం కట్టే అవకాశం మన దేశంలోనే దొరికింది, చండీగఢ్‌లో. అక్కడా ఒకటి ఆగిపోయింది: గవర్నర్ భవనం. హైకోర్టు, శాసనసభ, సచివాలయాల తలమీద కిరీటంలా గవర్నర్ నివాసం ఉండటం ప్రజాస్వామ్యానికి నప్పదని నెహ్రూ పక్కన పెట్టారు. నిజానికి కార్బూసియే గీసినవాటిలో నాకు బాగా నచ్చేది అదే. అయినా నెహ్రూ మాటే సబబు.

ఇదే కోవలో గ్లాస్గో నగర ఇంజినీరు రాబర్ట్ బ్రూస్ 1945లో ఇచ్చిన నివేదిక మరీ ఘనమైనది. ఊరి నడిబొడ్డునంతా పడగొట్టమన్నాడు. సెంట్రల్ స్టేషన్, వాస్తుశిల్పి మెకింటాష్ గీసిన చిత్రకళా పాఠశాల, నగర సభాభవనం కూడా ఆ లెక్కలోనే. అందులోని మోటారు రోడ్లలో కొన్ని తరవాత వచ్చాయి, కూల్చివేత మాత్రం అంత దూరం పోలేదు. ఆమ్‌స్టర్‌డామ్‌కు 1967లో డేవిడ్ యోకినెన్ అనే అమెరికన్ ఇచ్చిన సలహా, ఓ కాలువను పూడ్చి దాని మీద ఆరు వరసల రోడ్డు వేయమని. డబ్బు పెట్టింది కార్ల వాడకాన్ని పెంచాలనే ఒక సంఘం. ఇవాళ సైకిళ్ళ రాజధాని అనిపించుకునే ఊరు అది.

మైకు ఎటు తిరిగి ఉంది?

న్యూయార్క్‌లో కట్టకుండా వదిలేసినవాటితోనే ఇంకో న్యూయార్క్ కట్టొచ్చు. 1960లో బక్‌మిన్‌స్టర్ ఫుల్లర్ మాన్‌హట్టన్ నడిమి భాగం మీద, 22వ వీధి నుంచి 62వ వీధి దాకా, మూడు కిలోమీటర్ల వ్యాసంతో గాజు గుమ్మటం కప్పుదామన్నాడు. మంచు ఎత్తిపోసే ఖర్చు మిగిలితే పదేళ్ళలో గుమ్మటం ఖర్చు వచ్చేస్తుందని లెక్క కూడా చూపించాడు. ఇది ప్రదర్శనల్లో బొమ్మగా బాగుంటుంది తప్ప ఎవరూ అంతగా కంగారుపడలేదు.

కంగారు పెట్టింది రాబర్ట్ మోజెస్ ప్లాన్. దిగువ మాన్‌హట్టన్‌లో హాలండ్ సొరంగం నుంచి తూర్పు నది వంతెనల దాకా పది వరసల ఎత్తు రోడ్డు. అందుకు 416 భవనాలు కూల్చాలి, సుమారు 2,200 కుటుంబాలు లేవాలి, 800కు పైగా దుకాణాలు, కార్ఖానాలు మూతపడాలి. మోజెస్ ఒక్క ఎన్నికలోనూ గెలిచినవాడు కాదు. ఏకకాలంలో డజను పదవుల దాకా చేతిలో పెట్టుకుని, నగరాన్ని ముప్పై నలభై ఏళ్ళు తన ఇష్టం వచ్చినట్టు మలిచిన మనిషి. రోడ్డు వెడల్పు అంటే ఇంటి గోడ మీద ఎర్ర రంగు గీత అని మన పట్టణాల్లో ఎవరికీ వేరే చెప్పక్కర్లేదు. అక్కడ ఆ గీత పడిన వీధులు ఏళ్ళ తరబడి అలా వేలాడాయి. ఎలాగూ కూల్చేస్తారు కదా అని యజమానులు మరమ్మతులు మానేశారు. బ్యాంకులు అప్పివ్వడం మానేశాయి. ప్లాన్ ఊరికే కాగితం మీద ఉండి కూడా ఒక పేటను ఎలా పాడుపెట్టగలదో చూడాలంటే ఇంతకంటే మంచి ఉదాహరణ లేదు.

1962లో నగర మండలి దీన్ని తోసిపుచ్చింది. మళ్ళీ లేచింది. 1968 ఏప్రిల్‌లో ఒక బడిలో బహిరంగ విచారణ పెట్టారు. జనం వచ్చి చూస్తే మైకు వేదిక మీది అధికారుల వైపు కాకుండా జనం వైపు తిప్పి ఉంది. అంటే మాట్లాడేవాళ్ళు అధికారులకు వీపు చూపించి తమలో తామే చెప్పుకోవాలన్నమాట. ఆ రోడ్డును వ్యతిరేకిస్తున్న రచయిత్రి జేన్ జేకబ్స్ లేచి, ముందు ఆ మైకు సంగతే ఎత్తింది. తరవాత అధికారుల ఎదుటే మౌనంగా వేదిక మీదుగా నడిచి వెళ్దామని జనాన్ని వెంటబెట్టుకుని ఎక్కింది. గందరగోళంలో స్టెనోగ్రాఫర్ యంత్రం నుంచి కాగితపు చుట్టలు నేల మీద పరుచుకున్నాయి. రికార్డే లేకపోతే విచారణే జరగనట్టు లెక్క అని ఆమె ప్రకటించింది. పోలీసులు అరెస్టు చేశారు. మరుసటి ఏడాదే నగర మేయర్ ఆ రోడ్డు ఇక లేదన్నాడు. కూల్చాలనుకున్న ఆ పోత ఇనుము ముఖద్వారాల భవనాల పేటే నేటి సోహో. మామూలు ఉద్యోగి అక్కడ ఇల్లు కొనడం సంగతి అటుంచి, అద్దెకు కూడా దిగలేడు. పేట మిగిలింది గానీ, కాపాడుకున్న కార్ఖానాలూ కూలీలూ ఎక్కువ కాలం మిగలలేదన్నది కూడా చెప్పుకోవాలి.

తన ప్లాన్‌ను తానే ముంచిన నమూనా

జాన్ రెబర్ నాటకాలు ఆడించే మనిషి, ఇంజినీరు కాదు. శాన్‌ఫ్రాన్సిస్కో అఖాతానికి ఉత్తరాన ఒకటి, దక్షిణాన ఒకటి మట్టి ఆనకట్టలు వేసి రెండు మంచినీటి సరస్సులు చేయాలని, వాటి మీద రైలు, 32 వరసల రోడ్డు వేయాలని, వేల ఎకరాలు పూడ్చి విమానాశ్రయాలు, రేవులు కట్టాలని ఊరూరా తిరిగి చెప్పాడు. ఎంత బాగా చెప్పాడంటే 1940లలో జనం, పత్రికలు, ప్రజాప్రతినిధులు కూడా తలూపారు. అమెరికా సైన్యపు ఇంజినీర్లకు మాత్రం చేసి చూడందే నమ్మకం కుదరలేదు. 1957లో సాసలీటో ఊళ్ళో పెద్ద గోడౌన్‌లో ఎకరంన్నర స్థలంలో అఖాతం మొత్తాన్ని కాంక్రీటుతో పోశారు. పొడవు వెడల్పుల్లో వెయ్యో వంతు, లోతులో వందో వంతు. పంపులతో ఆటుపోట్లు రప్పిస్తారు. ఒక రోజు ఆటుపోటు అందులో పదిహేను నిమిషాల్లోపే తిరిగిపోతుంది. రాగి బద్దీలు నిలబెట్టి నీటి ఒరవడిని సరిచేశారు. రెబర్ ఆనకట్టలను ఆ బుల్లి అఖాతంలో పెట్టి చూస్తే తేలింది ఒక్కటే: ఇది పనికిరాదు, చేటు కూడా. ప్లాన్ పోయింది, నమూనా ఉంది. పిల్లలు ఇప్పటికీ వెళ్ళి సముద్రాన్ని అటూ ఇటూ దాటుతున్నారు.

దారి తప్పిన ఒపేరా హాలు

కట్టని వాటిలో అతి ఎత్తయినది ఏదంటే పోటీ గట్టిగానే ఉంటుంది గానీ, పేరున్న వాస్తుశిల్పి గీసినవాటిలో ఫ్రాంక్ లాయిడ్ రైట్ 1956లో షికాగోకు గీసిన మైలు ఎత్తు భవనాన్ని మించడం కష్టం. 528 అంతస్తులు, అణుశక్తితో నడిచే 76 లిఫ్టులు. బుర్జ్ ఖలీఫాకు దాదాపు రెట్టింపు. ఆ మరుసటి ఏడాది, తొంభై ఏళ్ళు నిండబోతుండగా, రైట్‌ను ఇరాక్ ప్రభుత్వం బాగ్దాద్‌లో ఒపేరా హాలు కట్టమని పిలిచింది. చమురు డబ్బు పుష్కలంగా ఉన్న రోజులు. కార్బూసియే, గ్రోపియస్ లాంటి వాస్తుశిల్పులకూ పిలుపులు వెళ్ళాయి. రైట్ టైగ్రిస్ నదిలో ఓ లంక చూసి, అదే కావాలన్నాడు. రాజు రెండో ఫైసల్ సరేనన్నాడు. ఒక్క హాలు అడిగితే రైట్ ఊరంత ప్లాన్ గీశాడు. ఒపేరా, మ్యూజియాలు, బజార్లు, మెలికలు తిరిగే దారితో ఖలీఫా హారూన్ అల్ రషీద్ పెద్ద విగ్రహం, అల్లావుద్దీన్ కూడా. 1958 జులై 14న సైనిక తిరుగుబాటులో రాజును చంపేశారు. కొత్త పాలకులకు అల్లావుద్దీన్ దీపంతో పని లేకపోయింది. మరుసటి ఏడాది రైట్ కూడా పోయాడు. ఆ ఒపేరా ఆలోచన మాత్రం ఎడారి వదల్లేదు: అమెరికాలోని అరిజోనా ఎడారిలో టెంపీ పట్నంలో, విశ్వవిద్యాలయ ఆడిటోరియంగా 1964లో తెరుచుకుంది. మూడు వేల సీట్లు.

అడ్రసు మార్పుల రికార్డు

మన దగ్గర కూడా ఈ జాబితా చిన్నదేమీ కాదు. 2014 చివర్లో హుస్సేన్‌సాగర్ చుట్టూ ఆకాశహర్మ్యాలు లేపుతామని అప్పటి ముఖ్యమంత్రి కేసీఆర్ ప్రకటించారు. 2015 మొదట్లో తెలంగాణ సచివాలయం ఎర్రగడ్డ ఛాతీ ఆస్పత్రి స్థలానికి వెళ్ళాలన్నారు. ఆస్పత్రిని అనంతగిరి కొండలకు పంపుదామన్నారు. తరవాత సికింద్రాబాద్ బైసన్ పోలో మైదానం అన్నారు. అది రక్షణ శాఖది. చివరికి 2023 ఏప్రిల్ 30న కొత్త సచివాలయం ప్రారంభమైంది, పాతది ఉన్నచోటే. కాగితం మీద ఇన్ని పేటలు తిరిగి సొంతింటికే చేరిన ప్రభుత్వ కార్యాలయం దేశంలో ఇంకోటి ఉంటుందనుకోను.

అమరావతి ఊరు పునర్నిర్మాణం కాదు, పంట పొలాల మీద కొత్త రాజధాని. పని నడుస్తోంది కూడా. అయితే దానిలోనూ కట్టని నగరం ఒకటి దాగి ఉంది. 2016లో రాజధాని పాలనా కేంద్రం కోసం పెట్టిన పోటీలో జపాన్‌కు చెందిన ఫుమిహికో మాకి సంస్థ గెలిచింది. ఓడినవాళ్ళు కూడా సామాన్యులు కారు: రిచర్డ్ రోజర్స్ సంస్థ, మన బాలకృష్ణ దోషి సంస్థ. మాకి బొమ్మలు చూసి జనం పొగగొట్టాల కార్ఖానాలా ఉందన్నారు. ఆయన సంస్థను పక్కన పెట్టి నార్మన్ ఫాస్టర్ సంస్థను తెచ్చారు. శాసనసభ ఆకృతి మీద సలహాకు రాజమౌళిని కూడా పిలిచారు. ఒక సినిమా దర్శకుడిని అసెంబ్లీ భవనం గురించి అడిగిన రాష్ట్రం మనదేనని గర్వపడాలో ఏమో, ఎవరిష్టం వారిది.

ఓడించినవాడి పేరే పెట్టారు

బొంబాయిలో బ్యాక్‌బే సముద్రాన్ని పూడ్చి 1,145 ఎకరాలు సంపాదించే పనిని గవర్నర్ జార్జ్ లాయిడ్ కాలంలో మొదలుపెట్టారు. ఊరు ఇరుకైపోయింది, ఇళ్ళు లేవు, అద్దెలు మండిపోతున్నాయి. ఎనిమిది భాగాలుగా సముద్రాన్ని వెనక్కి నెట్టాలి. ముందు గోడ కట్టి, రేవు అడుగునుంచి తోడిన బురదను దాని వెనక పోశారు. పని చేసే తవ్వోడకు ‘సర్ జార్జ్ లాయిడ్’ అనే పేరు పెట్టారు. పోసిన బురద గోడ సందుల్లోంచి మళ్ళీ సముద్రంలోకే జారిపోయేది. ఖర్చు పెరిగింది, జాగా పెరగలేదు. ఊళ్ళో వాళ్ళు దీనికి లాయిడ్ గారి పిచ్చి అని పేరు పెట్టారు.

ఖుర్షెద్ ఫ్రాంజీ నారిమన్ అనే పార్సీ లాయరు, కాంగ్రెస్ నాయకుడు, ఈ దుబారాను బయటపెట్టడం మొదలెట్టాడు. హార్వే అనే ఇంజినీరు ఆయన మీద పరువు నష్టం కేసు వేశాడు. 1928లో నారిమన్ నిర్దోషిగా బయటపడ్డాడు. ఈలోపు విచారణ కమిటీ వేసి, పనిని కుదించేశారు. ఎనిమిది భాగాల్లో నాలుగే నేలయ్యాయి, సుమారు 440 ఎకరాలు. అందులో సింహభాగం సైన్యానికి పోయింది. మిగిలిన ముక్క మీద వచ్చిందే మెరీన్ డ్రైవ్. పూడ్చకుండా వదిలేసిన భాగాల్లో కొంతను స్వాతంత్ర్యం వచ్చాక పూడ్చి, ఆఫీసు భవనాలు లేపి, ఆ చోటికి నారిమన్ పాయింట్ అని పేరు పెట్టారు. పూడ్చడాన్ని అడ్డుకున్నవాడి పేరు పూడ్చిన నేలకు! 1990ల నడుమ ప్రపంచంలో అతి ఎక్కువ ఆఫీసు అద్దెలు పలికే చోట్ల జాబితాలో టోక్యో, లండన్‌ల సరసన నారిమన్ పాయింట్ కూడా ఉండేది.